జాఁ గ్రువో: అంతగా పేరు వినబడని ఫ్రెంచి సినీ రచయిత గురించి తరచుగా అడిగే ప్రశ్నలు

జాఁ గ్రువో ఎవరు? ఏయే సినిమాలకు పనిచేశారు?

1924 ఆగస్టు 3న పారిస్ శివారు పట్టణమైన ఫొంత్నే-సు-బువాలో పుట్టి, 2015 జూన్ 8న తొంభై ఏళ్ల వయసులో కన్నుమూసిన గ్రువో, ఇరవయ్యో శతాబ్దపు రెండవ సగంలో వచ్చిన ముఖ్యమైన ఫ్రెంచి చిత్రాల్లో ఎన్నింటికో స్క్రీన్‌ప్లే రాసిన వ్యక్తి. ఫ్రాన్స్వా ట్రుఫో తీసిన ‘జూల్ ఎ జిమ్’ (1962), ‘అడవి పిల్లవాడు’ (1970), ‘ఇద్దరు ఇంగ్లీషు అమ్మాయిలు’ (1971), ‘అడేల్ హెచ్. కథ’ (1975), ‘ఆకుపచ్చ గది’ (1978) అనే ఐదు చిత్రాలకూ ట్రుఫోతో కలిసి రచన చేసింది ఆయనే. జాక్ రివెత్‌కు ‘పారిస్ మాదే’ (1961), ‘సన్యాసిని’ (1966). రోబెర్తో రొసెల్లినికి ‘వనీనా వనీని’ (1961), ‘పద్నాలుగవ లూయీ అధికారం చేపట్టడం’ (1966). జాఁ-లుక్ గొదార్‌కు ‘లె కారాబినియే’ (1963). అలెఁ రెనేకు ‘అమెరికాలోని మా మామయ్య’ (1980), ‘జీవితం ఒక నవల’ (1983), ‘మరణం దాకా ప్రేమ’ (1984) చిత్రాలకు పనిచేశారు. ఈ పేజీలో చాలా సినిమాల పేర్లను వాటి తెలుగు అర్థంతోనే ప్రస్తావించడం జరిగింది.

ఈ జాబితాలోని దర్శకుల పేర్లు చదివితే, వాళ్లలో ఏ ఇద్దరి స్వభావమూ ఒకటి కాదని సినిమా తెలిసినవారికి వెంటనే స్ఫురిస్తుంది. ట్రుఫో కథను ప్రేమించేవాడు, గొదార్ కథను ముక్కలు చేసేవాడు, రొసెల్లినికి చరిత్ర కావాలి, రెనేకు కథ నిర్మాణం కావాలి. వీళ్లందరికీ ఒకే మనిషి రాయగలిగాడంటే, ఆ రాతలో ఎంతో నేర్పుతో పాటు ఎంతో వినయం కూడా ఉండి ఉండాలి. ఆయన జీవితకృషిలో గమనించవలసిన అసలు విషయం అదే.

ఇంత పెద్ద సినిమాలు రాసినా ఆయన పేరు ఎందుకు వినబడదు?

ఇందుకు కారణం గ్రువో రాసిన సినిమాలు పుట్టిన కాలంలోనే ఉంది. 1950లలో ‘కాయె ద్యు సినెమా’ పత్రికలో రాస్తున్న యువ విమర్శకులు, సినిమాకు అసలైన రచయిత దర్శకుడేనని వాదించారు. 1954 జనవరిలో ట్రుఫో అదే పత్రికలో రాసిన ప్రసిద్ధ వ్యాసం, అప్పటి ఫ్రెంచి సినిమాను ఏలుతున్న స్క్రీన్‌ప్లే రచయితల మీద, ముఖ్యంగా జాఁ ఒరాంశ్, పియెర్ బోస్త్ జంట మీద, నేరుగా చేసిన దాడి. ఆ వాదన గెలిచింది. గెలిచాక దాని ఫలితంగా ‘నూవెల్ వాగ్’ (కొత్త కెరటం) అని పిలిచిన ఈ కొత్త తరం ఫ్రెంచి దర్శకుల పేర్లు ప్రపంచమంతా మారుమోగాయి, వాళ్ల పక్కన కూర్చుని పేజీలు నింపినవాళ్ల పేర్లు టైటిల్ కార్డు దాటి బయటకు రాలేదు.

ఆ వాదనలో నిజం లేకపోలేదు. కానీ స్క్రీన్‌ప్లే రచయితల మీద అంత తీవ్రంగా విరుచుకుపడిన ట్రుఫోయే, తన జీవితంలో ఐదుసార్లు గ్రువో దగ్గరకు ఎందుకు వెళ్లాడన్నది అడగవలసిన ప్రశ్న. ట్రుఫో వ్యతిరేకించింది రచయితలను కాదు, ఒక రకమైన అనుసరణను. ఒరాంశ్, బోస్త్‌లు ఒక నవలను తెరకు తెచ్చేటప్పుడు, ఇది సినిమాకు పనికిరాదు అనుకున్న ఘట్టాన్ని తీసేసి, దానికి సాటి వచ్చే మరో ఘట్టాన్ని కల్పించేవారు. పనికిరాదని ముందుగా ఎవరు తేల్చారు అన్నది ట్రుఫో అభ్యంతరం. దానికి సమాధానంగా, మూల రచనలోని గొంతును కథకుడి మాటగానో, ఉత్తరంగానో, దినచర్యగానో తెర మీద అలాగే వినిపించే పద్ధతిని ఆయన గ్రువోతో కలిసి సాధించుకున్నాడు. గ్రువో ప్రత్యేకత అంతా ఈ పద్ధతిలోనే ఉందని నా అభిప్రాయం.

ఆయన సినిమారంగంలోకి ఎలా వచ్చారు?

యుద్ధానంతర పారిస్‌లో సినీక్లబ్బుల ద్వారా. లాటిన్ క్వార్టర్ సినీక్లబ్‌లో ఒకే తెర ముందు కూర్చుని పాత సినిమాలు చూసి, బయట కాలిబాటల మీద గంటల తరబడి వాదించుకున్న యువకుల్లో రివెత్, గొదార్, ట్రుఫో, ఎరిక్ రొమేర్‌లతో పాటు గ్రువో కూడా ఉన్నారు. మిగతావారు విమర్శ రాస్తూ దర్శకత్వం వైపు నడవగా, యౌవనంలో రంగస్థల నటనతో పరిచయమున్న గ్రువో రచన వైపు వచ్చారు.

ఆయన మొదటి పూర్తి నిడివి స్క్రీన్‌ప్లే ‘పారిస్ మాదే’, రివెత్‌తో కలిసి రాసినది. చేతిలో డబ్బు లేదు, ఫిలిం అప్పు తెచ్చుకోవలసిన పరిస్థితి. 1958లో చిత్రీకరణ మొదలైనా, సినిమా 1961 డిసెంబరులో గానీ విడుదల కాలేదు. షేక్‌స్పియర్ నాటకం ‘పెరిక్లీస్’ను ప్రదర్శించాలని తంటాలు పడుతున్న ఒక చిన్న బృందం, వాళ్ల చుట్టూ ఏదో పెద్ద కుట్ర జరుగుతోందన్న భయం, ఆ కుట్ర నిజమో భ్రమో తేలని స్థితి, ఇవీ అందులోని విషయాలు. ఇందులో ఒక ముచ్చట ఉంది. ట్రుఫో 1959లో వచ్చిన తన మొదటి పూర్తి నిడివి చిత్రంలో ఒక కుటుంబం కలిసి సినిమాకు వెళ్లే ఘట్టం పెట్టి, వాళ్లు చూసే సినిమా ‘పారిస్ మాదే’ అని చూపించాడు. అప్పటికి ఆ సినిమా పూర్తే కాలేదు.

ట్రుఫో, గ్రువో కలిసి ఎలా పనిచేసేవారు?

ఇద్దరూ ఒకే గదిలో కూర్చుని రాయడం తక్కువ. ట్రుఫో తనకు నచ్చిన పుస్తకాన్ని చదివి, అంచుల్లో గుర్తులు పెట్టి, ఏది ఉండాలో ఏది వద్దో సూచిస్తూ గ్రువోకు ఇచ్చేవాడు. గ్రువో దాన్ని ఆధారం చేసుకుని, అవసరానికి మించిన పొడవుతో, విషయమంతా నింపి ఒక ప్రతి సిద్ధం చేసేవారు. ట్రుఫో ఆ ప్రతిని కత్తిరించి, అతికించి, తిరగరాసి వెనక్కు పంపేవాడు. ఇలా ప్రతులు ఇద్దరి మధ్యా పలుమార్లు తిరిగేవి. చిత్రీకరణ దగ్గర పడ్డాక, అప్పటికి ట్రుఫోకు ముఖ్య సహకారిగా ఎదిగిన సుజాన్ షిఫ్‌మాన్ కూడా రచనలో చేయి వేసేవారు.

ఈ పద్ధతిని కళ్లారా చూడాలనుకుంటే ‘ఇద్దరు ఇంగ్లీషు అమ్మాయిలు’ సినిమా టైటిల్స్ చూడాలి. పేర్లు పడుతున్నంతసేపూ తెర మీద కనిపించేది ఆన్రి-పియెర్ రొషే నవల ప్రతులే. అచ్చు పేజీల మీద చేతిరాత గుర్తులు, అడ్డగీతలు, అంచుల్లో రాసుకున్న మాటలు కనిపిస్తాయి. రచన ఎంత మొరటుగా, ఎంత ఓపికగా జరిగే పనో చెప్పడానికి అంతకంటే మంచి సాక్ష్యం సినిమా చరిత్రలో మరొకటి నాకు గుర్తు రావడం లేదు.

మన తెలుగు సినిమా టైటిల్స్‌లో కథ, మాటలు, స్క్రీన్‌ప్లే అని విడివిడిగా వేస్తారు. గ్రువో వాటిలో ఏది చేసేవారు?

ఫ్రెంచి టైటిల్ కార్డుల్లోనూ ఇటువంటి విభజన ఉంది. అక్కడ స్క్రీన్‌ప్లే, అనుసరణ, సంభాషణలు అని మూడు రకాల పేర్లు కనిపిస్తాయి. గ్రువో పేరు సినిమాను బట్టి ఒక్కోచోట ఒక్కో విధంగా పడింది. ఉదాహరణకు రొసెల్లిని తీసిన లూయీ చిత్రానికి చారిత్రక రచన ఫిలిప్ ఎర్లాంజేది, అనుసరణ, సంభాషణలు గ్రువోవి. ‘అమెరికాలోని మా మామయ్య’లో పాత్రలూ వాటి జీవితాలూ ఆయన కల్పన.

‘జూల్ ఎ జిమ్’లో గ్రువో పాలు ఎంత?

ఈ ప్రశ్నకు కచ్చితమైన తూకం చెప్పడం ఎవరికైనా కష్టమే. సినిమాకు మూలమైన నవల రొషే డెబ్బై ఏళ్లు దాటాక, 1953లో ప్రచురించిన మొదటి నవల. ట్రుఫో దానిని పాత పుస్తకాల దుకాణంలో చూసి కొని, దాని మీద మనసు పారేసుకున్నాడు. రొషే 1959లో మరణించారు, సినిమా చూడలేకపోయారు.

నవలలో చాలామంది స్త్రీలు వస్తారు, పోతారు. ముఖ్యమైన స్త్రీ జర్మన్ యువతి కేట్. సినిమాలో ఆమె ఫ్రెంచి యువతి కాత్రిన్ అయింది, ఇతర స్త్రీల లక్షణాలు కొన్ని ఆమెలోకి వచ్చి చేరాయి. ఈ కలపడం వల్లే జాన్ మొరో పోషించిన ఆ పాత్రకు అంత చంచలత్వం, అంత బలం వచ్చాయి. రెండవది, అంతకంటే ముఖ్యమైనది, కథకుడి గొంతు. మిషెల్ సుబోర్ చదివిన ఆ వ్యాఖ్యానం రొషే వాక్యాల నుంచే వచ్చింది. పొట్టి వాక్యాలు, వేగం, ఎక్కడా భావోద్వేగాన్ని ఒలకబోయని స్వరం. చివరి ఘట్టంలో దాని శక్తి తెలుస్తుంది. తన చితాభస్మాన్ని కొండ మీది నుంచి గాలిలో చల్లాలన్నది కాత్రిన్ కోరిక అని కథకుడు చెబుతాడు, అయితే దానికి అనుమతి లేదు అని అంతే పొడిగా ముగిస్తాడు. అంత విషాదం జరిగిన తరువాత ఏడవవలసిన చోట ఒక మునిసిపల్ నిబంధనలాంటి మాట వినబడుతుంది. మరో రచయిత అయితే అక్కడ జూల్ చేత ఒక సంభాషణ చెప్పించి ఉండేవాడు.

‘అడవి పిల్లవాడు’ను గ్రువో రచనల్లో మేటిగా ఎందుకు చెబుతారు?

ఎందుకంటే అక్కడ ఆయన చేతికి వచ్చిన మూలం నవల కాదు, కథ కూడా కాదు, ఒక వైద్యుడి రెండు నివేదికలు. 1800 ప్రాంతంలో దక్షిణ ఫ్రాన్సులోని అవేరోఁ అడవుల్లో దొరికిన, మాటలు రాని పిల్లవాడిని పారిస్‌లో జాఁ ఇతార్ అనే యువ వైద్యుడు తన సంరక్షణలోకి తీసుకుని, చదువు, మాట, మర్యాద నేర్పడానికి ప్రయత్నించాడు. ఆ ప్రయత్నం గురించి ఇతార్ 1801లో ఒకటి, 1806లో ఒకటి నివేదికలు రాశాడు. మొదటిది ఆశతో, రెండవది చాలావరకు నిరాశతో నిండి ఉంటాయి. అధికారులకు, వైద్యులకు ఉద్దేశించిన ఆ రాతలో నాటకం లేదు.

ట్రుఫో, గ్రువో కలిసి చేసిన ఒక్క మార్పు అన్నింటినీ నిలబెట్టింది. నివేదికలను ఇతార్ రోజూ రాసుకునే దినచర్యగా మార్చారు. నివేదికలో ‘ఫలితం ఇది’ అని చెప్పిన విషయం, దినచర్యలో ‘ఈ రోజు ఇలా ప్రయత్నించాను’ అయింది. ఫలితం ముందే తెలిసిన శాస్త్రవేత్త కాస్తా, రేపేమవుతుందో తెలియని మనిషిగా మారాడు. ప్రేక్షకుడు కూడా ఆయనతో పాటు ఎదురుచూడడం మొదలుపెడతాడు.

ఒక ఘట్టాన్ని దగ్గరగా చూద్దాం. విక్టర్ అని పేరు పెట్టిన ఆ పిల్లవాడికి తప్పుచేస్తే చీకటి గదిలో పెట్టే శిక్ష అలవాటయింది. అతనిలో న్యాయాన్యాయాల స్పృహ ఉందా లేదా అని ఇతార్‌కు సందేహం కలుగుతుంది. అందుకని ఒకరోజు, చెప్పిన పనిని పిల్లవాడు సరిగ్గా చేసినా, కావాలనే కోపం నటించి అతన్ని ఆ గదిలోకి నెడతాడు. ఇంతకుముందు శిక్షను మౌనంగా భరించిన పిల్లవాడు ఈసారి ఎదురుతిరిగి ఇతార్ చేతిని కొరుకుతాడు. ఇతార్ ఆనందిస్తాడు, అన్యాయాన్ని గుర్తించగలిగిన ఆ కాటు అతను మనిషయ్యాడని చెప్పే రుజువు. వెంటనే ఆయన గొంతులో దినచర్య వినబడుతుంది. ఈ ఘట్టం ఇతార్ నివేదికలో ఉన్నదే. కానీ ఒక పిల్లవాడి మీద అంత క్రూరమైన పరీక్ష చేసినవాడి పట్ల మనకు అసహ్యం కలగకుండా, అలాగని అతన్ని పూర్తిగా క్షమించనివ్వకుండా ఆ దృశ్యాన్ని కట్టడం రచయిత పని. ఇతార్ పాత్రను ట్రుఫోయే స్వయంగా ధరించాడు. పిల్లవాడిగా జాఁ-పియెర్ కార్గోల్ నటించగా, నెస్తోర్ అల్మెంద్రోస్ నలుపు తెలుపుల్లో చిత్రీకరించాడు.

‘అడేల్ హెచ్. కథ’ విషయంలో ఎదురైన ఇబ్బందులేమిటి?

అడేల్, మహాకవి విక్టర్ హ్యూగో చిన్న కూతురు. తనను ప్రేమించని ఒక బ్రిటిష్ సైనికాధికారిని వెంబడిస్తూ 1863లో ఒంటరిగా అట్లాంటిక్ దాటి కెనడాలోని హాలిఫాక్స్‌కు, అక్కడి నుంచి బార్బడోస్‌కు వెళ్లి, చివరకు మతి చలించి, 1872లో ఫ్రాన్సుకు తిరిగి వచ్చాక మిగతా జీవితమంతా చికిత్సాలయాల్లోనే గడిపి 1915లో మరణించింది. ఆమె సంకేతాల్లో రాసుకున్న దినచర్యను ఫ్రాన్సెస్ వెర్నర్ గిల్ అనే అమెరికన్ పండితురాలు ఛేదించి ప్రచురించారు. సినిమాకు మూలం అదే.

ఇక్కడ సమస్య ‘అడవి పిల్లవాడు’కు వ్యతిరేక దిశలో వచ్చింది. మూలంలో విషయం తక్కువై కాదు, ఎక్కువై. హ్యూగో కుటుంబం, ప్రవాసం, రాజకీయం, మునిగి చనిపోయిన అక్క లెయోపోల్దీన్ జ్ఞాపకం, అన్నీ లోపలికి తోసుకొస్తాయి. హ్యూగో వారసుడు జాఁ హ్యూగో అనుమతి ఇస్తూ, విక్టర్ హ్యూగో తెర మీద కనిపించకూడదని షరతు పెట్టాడు. కొన్నేళ్లపాటు ప్రతి వెనుక ప్రతి రాస్తూ గ్రువో, ట్రుఫో, షిఫ్‌మాన్‌లు విషయాన్ని తగ్గించుకుంటూ వచ్చి, చివరకు ఒక్క అమ్మాయి, ఒక్క మొండి కోరిక మిగిలేలా చేశారు. తండ్రి కనిపించకూడదన్న షరతు సినిమాకు మేలే చేసింది. ఆయన ఉత్తరాలుగా, మనియార్డర్లుగా, బ్యాంకు గుమాస్తా నోట వచ్చే పేరుగా మాత్రమే ఉంటాడు కాబట్టి, ఆ నీడ ఎంత పొడవైనదో మనకు తెలుస్తుంది. ఇరవై ఏళ్ల ఇసబెల్ అజానీకి ఈ పాత్ర ఉత్తమ నటిగా ఆస్కార్ నామినేషన్ తెచ్చిపెట్టింది.

ట్రుఫోతో చేసిన సినిమాలన్నీ విజయం సాధించాయా?

లేదు. ‘ఇద్దరు ఇంగ్లీషు అమ్మాయిలు’ 1971లో ఆడలేదు. ట్రుఫో దానిని కుదించినా లాభం లేకపోయింది. ఆయన చనిపోయే ముందు, 1984లో, తీసేసిన భాగాలను తిరిగి చేర్చి పూర్తి ప్రతిని సిద్ధం చేసుకున్నాడు. అంటే ఆ సినిమా మీద ఆయన నమ్మకం చివరిదాకా పోలేదన్నమాట. హెన్రీ జేమ్స్ రాసిన ‘మృతుల బలిపీఠం’ కథనూ, ఆయనవే మరికొన్ని కథలనూ కలిపి, కథాకాలాన్ని మొదటి ప్రపంచయుద్ధం తరువాతి ఫ్రాన్సుకు మార్చి చేసిన ‘ఆకుపచ్చ గది’ కూడా ఆర్థికంగా విఫలమైంది. చనిపోయినవారిని మరవకూడదని తన జీవితాన్నే వారికి అర్పించుకున్న మనిషి కథ అది, జనం చూడాలనుకునే విషయం కాదు. అయినా, ఇంగ్లీషు కథలోని ఒక ఆలోచనను తీసుకుని ఫ్రెంచి యుద్ధస్మృతిలోకి నాటడం అనుసరణ కళకు మంచి ఉదాహరణ. కొవ్వొత్తులతో నిండిన ఆ చిన్న ప్రార్థనాలయంలో గోడల మీద ఉన్న ఛాయాచిత్రాలను కథానాయకుడు ఒక్కొక్కటిగా పరిచయం చేసే ఘట్టం కోసమైనా దీనిని చూడాలి.

రొసెల్లినితో ఆయన అనుబంధం ఏమిటి?

గ్రువో జీవితంలో ట్రుఫో తరువాత అంత ముఖ్యుడు రొసెల్లినియే. స్తాందాల్ కథ ఆధారంగా తీసిన ‘వనీనా వనీని’కి పనిచేసిన పెద్ద రచయితల బృందంలో గ్రువో ఒకరు. వీరి కలయిక నిజంగా ఫలించింది మాత్రం ఫ్రెంచి ప్రభుత్వ టెలివిజన్ కోసం 1966లో తీసిన లూయీ చిత్రంలో.

మంత్రి మజారాఁ మరణశయ్యతో సినిమా మొదలవుతుంది. వైద్యులు ఆయన చుట్టూ చేరి, మూత్రపాత్ర వాసన చూసి, మరోసారి రక్తం తీయాలా వద్దా అని చర్చించుకుంటారు. ఇరవై రెండేళ్ల రాజు, ఎవరూ లెక్కచేయనివాడు, అధికారాన్ని తన చేతిలోకి ఎలా తీసుకున్నాడన్నది కథ. యుద్ధాలు లేవు, పెద్ద పెద్ద ప్రసంగాలు లేవు. రాజు దర్జీని పిలిపించి దుస్తులకు ఎన్ని రిబ్బన్లు, ఎన్ని లేసులు ఉండాలో స్వయంగా చెబుతాడు. ఆ ఖరీదైన వేషం వేసుకోకపోతే సభలో ముఖం చెల్లదు, వేసుకుంటే ప్రభువులు అప్పులపాలై తన దయ మీద బతకాలి. రాజకీయమంతా బట్టల కొలతల్లో జరుగుతుంది. గ్రువో సంభాషణలు ఇక్కడ కావాలనే చప్పగా, కార్యాలయంలో మాట్లాడుకునే మాటల్లా ఉంటాయి. లూయీ పాత్రధారి జాఁ-మారీ పాత్‌కు సంభాషణలు గుర్తుండేవి కావు, కెమెరా పక్కన పెట్టిన పలకల మీద చూసి చదివేవాడు. ఎదుటివాడి కళ్లలోకి చూడని ఆ చూపు, రాజు చూపుగా అద్భుతంగా కుదిరింది.

‘సన్యాసిని’ సినిమాను ప్రభుత్వం ఎందుకు నిషేధించింది?

పద్దెనిమిదవ శతాబ్దపు రచయిత దిదెరో నవలను రివెత్, గ్రువోలు మొదట నాటకంగా మలచగా, 1963లో పారిస్‌లో ఆన్నా కరీనా ముఖ్యపాత్రలో అది ప్రదర్శితమైంది. ఇష్టం లేకుండా కాన్వెంటుకు తరలించబడిన సుజాన్ అనే యువతి, తన ప్రమాణాలను రద్దుచేయించుకోవడానికి చేసే పోరాటం దాని కథ. సినిమా తయారవుతోందన్న వార్త బయటకు రాగానే కాథలిక్ సంస్థల నుంచి నిరసన లేఖలు వెల్లువెత్తాయి. 1966 మార్చిలో సెన్సారు సంఘం సినిమాను ఆమోదించింది, మరోసారి పరిశీలించమంటే మళ్లీ ఆమోదించింది. అయినా సమాచారశాఖ కార్యదర్శి ఇవోఁ బూర్జ్ దానిని కాదని నిషేధం విధించారు. గొదార్ సంస్కృతీ మంత్రి ఆంద్రే మాల్రోకు ఘాటైన బహిరంగ లేఖ రాశాడు. విచిత్రమేమిటంటే నిషేధంలో ఉండగానే, అదే ఏడాది మే నెలలో ఆ సినిమా కాన్ చలనచిత్రోత్సవంలో ఫ్రాన్సు తరఫున ప్రదర్శితమైంది. 1967 జులైలో, పేరుకు ‘దిదెరో’ను తగిలించి, విడుదల చేశారు. 1975లో అత్యున్నత పరిపాలనా న్యాయస్థానం ఆ నిషేధం చట్టవిరుద్ధమని తేల్చింది.

ఇవాళ ఆ సినిమా చూస్తే, మతాన్ని దూషించే ఒక్క సంభాషణ కూడా కనబడదు. గ్రువో, రివెత్‌లు దిదెరో వాదాన్ని ఉపన్యాసంగా మార్చకుండా, గోడలు, ఊచలు, తలుపుల మధ్య ఇరుక్కున్న మనిషిని చూపారు. నిషేధించినవారిని భయపెట్టింది ఆ నిగ్రహమేనని నేను నమ్ముతాను.

గొదార్‌తో ఎందుకు ఒక్క సినిమాతోనే ఆగిపోయారు?

గొదార్ స్క్రీన్‌ప్లే ముందుగా పూర్తిగా రాసుకుని తీసేవాడు కాదు కనుక. ‘లె కారాబినియే’ కథ కూడా విచిత్రంగానే వచ్చింది. బెన్యమీనో జోప్పోలో రాసిన ఇటాలియన్ నాటకాన్ని రొసెల్లిని రంగస్థలం మీద ప్రదర్శించాడు. ఆ కథను రొసెల్లిని నోటితో చెబుతుంటే టేపు మీద రికార్డు చేసి గ్రువో కాగితం మీద పెట్టారు, గొదార్ ఆ కాగితాలతో షూటింగుకు దిగాడు.

అలెఁ రెనే సినిమాల్లో గ్రువో పని ఎలా భిన్నం?

రెనేకు ఆయన నవల, కథ వంటి మూలమేదీ లేకుండా రాశారు. ‘అమెరికాలోని మా మామయ్య’కు ఆధారం ఆన్రి లబొరి అనే జీవశాస్త్రవేత్త సిద్ధాంతాలు. ఆపద వచ్చినప్పుడు ప్రాణి పారిపోతుంది, లేదా పోరాడుతుంది, రెండూ వీలుకానప్పుడు బిగుసుకుపోయి రోగాల పాలవుతుంది. ఈ మాటలను లబొరి స్వయంగా తెర మీదకు వచ్చి, బోనులో ఎలుకలను చూపిస్తూ చెబుతాడు. వాటి పక్కన గ్రువో మూడు జీవితాలను అల్లారు: బ్రిటనీ తీరంలోని దీవిలో పుట్టి రేడియో అధికారి అయిన జాఁ, కమ్యూనిస్టు కార్మిక కుటుంబాన్ని వదిలి నటి కావాలనుకునే జనీన్, కాథలిక్ రైతు కుటుంబం నుంచి వచ్చి బట్టల మిల్లులో మేనేజరైన రెనే రాగెనో. ఈ మూడో పాత్ర జెరార్ దెపార్ద్యూది.

ఇటువంటి సినిమాలో పెద్ద ప్రమాదం ఒకటుంది. శాస్త్రం చెప్పిన ప్రతిదానికీ పాత్రలు ఉదాహరణలై, మనుషులు కాకుండా పోవచ్చు. గ్రువో దాన్ని తప్పించిన తీరు ఎంతో తెలివైనది. ముగ్గురికీ చిన్నతనం నుంచి మనసులో ఒక్కో సినీతార ఉంటారు: జాఁకు దానియెల్ దారియూ, జనీన్‌కు జాఁ మరే, రాగెనోకు జాఁ గబాఁ. ముఖ్యమైన ఘడియలో ఆ తారల పాత సినిమా తునకలు ఒక్క క్షణం మెరుస్తాయి. లబొరి సిద్ధాంతంలో వీటికి చోటు లేదు, అవి ఆ మనుషుల సొంతం. ఉద్యోగం పోతుందన్న భయంతో కడుపులో పుండు పడిన రాగెనో ఒక ఎలుక లాంటివాడే కావచ్చు, కానీ గబాఁలా నిలబడాలనుకునే ఎలుక ఉండదు. ఆ మామయ్య మాత్రం సినిమాలో ఎక్కడా కనిపించడు. అందరికీ ఎక్కడో ఒక మామయ్య ఉంటాడు, ఎప్పటికీ రాడు.

ఆయనకు ఏమైనా పురస్కారాలు వచ్చాయా?

‘అమెరికాలోని మా మామయ్య’ 1980 కాన్ ఉత్సవంలో జ్యూరీ ప్రత్యేక గ్రాండ్ ప్రీ గెలుచుకుంది. 1981 ఆస్కార్ సభలో, నేరుగా సినిమా కోసం రాసిన స్క్రీన్‌ప్లే విభాగంలో గ్రువో నామినేషన్ పొందారు. పురస్కారం బో గోల్డ్‌మన్‌కు వెళ్లింది. ఒక ఫ్రెంచి సినిమా రచయిత, దర్శకుడి పేరు లేకుండా ఒంటరిగా ఆ జాబితాలో నిలవడమే ఆయన శ్రమకు దక్కిన అరుదైన గుర్తింపు.

1980ల తరువాత ఏం రాశారు?

రెనేతో మరో రెండు చిత్రాలు చేశారు. ‘జీవితం ఒక నవల’ ఒకే కోటలో మూడు కాలాలను కలిపి అల్లిన సాహసం. ఇందులో ప్రయత్నం గొప్పది గానీ అతుకులు కనబడతాయి. ‘మరణం దాకా ప్రేమ’ అందుకు భిన్నంగా నలుగురు మనుషులకు కుదించిన కథ. మరణించి తిరిగి లేచినవాడు, అతని వెంట వెళ్లాలనుకునే భార్య, వాళ్లకు స్నేహితులైన ఇద్దరు ప్రొటెస్టెంట్ పాదరీలు. దృశ్యానికీ దృశ్యానికీ మధ్య చీకటి తెర, దాని మీద హాన్స్ వెర్నర్ హెంజ్ సంగీతం. సంభాషణ తరువాత ప్రేక్షకుడికి మౌనంగా ఆలోచించే సమయం ఇవ్వడం రచనలో భాగమేనని ఈ సినిమా చూపుతుంది.

బెల్జియన్ దర్శకురాలు శాంతల్ అకెర్మాన్ షాపింగ్ మాల్‌లో నడిపిన సంగీత చిత్రం ‘గోల్డెన్ ఎయిటీస్’ (1986) రచయితల్లో ఆయన ఒకరు. రెనె ఫెరే దర్శకత్వంలో, పందొమ్మిదవ శతాబ్దపు ఎర్క్యులీన్ బార్బాఁ ఆత్మకథ ఆధారంగా ‘అలెక్సీనా రహస్యం’ (1985) రాశారు. ఇదీ దినచర్యలు, నివేదికలు, ఆత్మకథలంటే ఆయనకున్న మక్కువకు తగిన విషయమే. 1992లో తన జ్ఞాపకాలను ‘స కె ది లోత్ర్’ అనే పేరుతో ప్రచురించారు.

రాసినా అప్పట్లో తెరకెక్కని స్క్రీన్‌ప్లేలు ఉన్నాయా?

ఉన్నాయి, వాటిలో రెండింటి గురించి తప్పక చెప్పాలి. ఒకటి, 1900 నుంచి మొదటి ప్రపంచయుద్ధం వరకు నడిచే కథ. ట్రుఫో 1984 అక్టోబరు 21న చనిపోవడంతో అది ఆగిపోయింది. ఇద్దరి పేర్లతో ‘బెల్ ఎపోక్’ అనే నవలగా 1996లో వెలువడింది.

రెండవది 1970లలో ట్రుఫో కోసమే రాసిన ‘జూలియెఁ, మార్గరీత్‌ల కథ’. నార్మండీలోని తూర్లావిల్ కోటకు చెందిన అన్నాచెల్లెళ్లు, నిషిద్ధమైన ప్రేమ కారణంగా 1603 డిసెంబరులో పారిస్‌లో శిరచ్ఛేదానికి గురయ్యారు. ట్రుఫో ఈ విషయాన్ని చివరకు వదిలేశాడు. స్క్రీన్‌ప్లే మాత్రం 2011లో పుస్తకంగా వచ్చింది. దాని ఆధారంగా వాలెరి దొంజెల్లి తీసిన సినిమా 2015 మే నెలలో కాన్ పోటీ విభాగంలో ప్రదర్శితమైంది. నలభై ఏళ్లు కాగితాల మీదే నిలిచిన కథ తెరకెక్కిన కొద్ది వారాలకే గ్రువో కన్నుమూశారు.

కొత్తగా చూసేవారు ఏ సినిమాతో మొదలుపెట్టాలి?

‘అడవి పిల్లవాడు’తో. గంటన్నర కూడా లేని సినిమా, భాష రాకపోయినా అర్థమయ్యే కథ, పైగా గ్రువో పద్ధతి అందులో తేటగా కనబడుతుంది. ఆ తరువాత ‘అడేల్ హెచ్. కథ’ చూస్తే దినచర్య అన్న ఒకే సాధనం ఎంత వేరుగా పనిచేయగలదో తెలుస్తుంది. ఒకచోట అది బుద్ధిని నిలబెడుతుంది, మరోచోట పిచ్చిని పెంచుతుంది. చరిత్ర మీద ఆసక్తి ఉన్నవారు లూయీ చిత్రాన్ని, ఆలోచనలతో ఆడుకునే సినిమా ఇష్టపడేవారు ‘అమెరికాలోని మా మామయ్య’ను తరువాత ఎంచుకోవచ్చు. ‘జూల్ ఎ జిమ్’ను ఇప్పటికే చూసి ఉన్నవారు మరోసారి, ఈసారి బొమ్మ కంటే కథకుడి గొంతు మీద ఎక్కువ ధ్యాస పెట్టి చూడవలసిందిగా మనవి. ‘పారిస్ మాదే’ను మాత్రం చివరకు ఉంచుకోవడం మంచిది. అది రెండు గంటలకు పైగా నడిచే, తొందరపడని సినిమా. మిగతావి చూసి గ్రువో మీద నమ్మకం కుదిరాక చూస్తే ఆ ఓపికకు ఫలితం దక్కుతుంది.